గడియారం తిప్పేదెవరు?

అమ్మాయీ, ఆశీస్సులు.

నీ నవల నూట నలభై పేజీలూ చదివాను. రెండు రోజులు చికాకుపడి, మూడో రోజు ఈ ఉత్తరం మొదలుపెట్టాను.

నీ లోకంలో ఇద్దరు చంద్రులు. పగలు మన పగటికి రెట్టింపు. బాగానే ఉంది. అలాంటి చోట నీ యువరాణి ఇసుక గడియారం బోర్లించి "ఇంకా ఐదు నిమిషాలే ఉంది" అంటుంది. మన నిమిషం అక్కడికి ఎలా వచ్చిందమ్మా? మన పెద్దవాళ్లే రోజుకి 60 గడియలు, గడియకి 60 విఘడియలు అని లెక్కపెట్టుకున్నారు. గడియంటే ఇప్పటి 24 నిమిషాలు. మనకే ఇంకో లెక్క ఉన్నప్పుడు ఇద్దరు చంద్రులున్న వాళ్లకు ఉండదా?

సరే, అది దిద్దుకోవచ్చు. అసలు బాధ వేరే. ఏడు మంత్రపు గడియారాలు పెట్టావు. ఒకటి కాలాన్ని ఆపుతుంది, ఒకటి వెనక్కి నడిపిస్తుంది, ఒకటి ముసలివాణ్ణి పడుచువాణ్ణి చేస్తుంది. మొత్తం ఇరవై రెండు సార్లు తిప్పావు, పెన్సిలుతో గీతలు పెట్టుకుంటూ లెక్కేశాను. ఒక్కసారి కూడా ఎవరికీ చెయ్యి నొప్పి పుట్టలేదు. నాలుగోది తాటిచెట్టంత ఉంటుందన్నావు కదా, దాన్నెవరు తిప్పారు? "గడియారం తిరిగింది" అని రాసి చక్కాపోయావు. జపాన్‌లో నిమా అనే చోట ఇసుక మ్యూజియంలో ఓ గడియారం ఉంది. అందులో టన్ను ఇసుక, మొత్తం కారడానికి ఏడాది. డిసెంబరు 31 అర్ధరాత్రి జనం పోగై, తాళ్లు పట్టి లాగి తిప్పుతారు. ఏ మంత్రమూ లేనిదానికే అంతమంది కావాలి.

పాత తెరచాప ఓడల్లో అరగంట ఇసుక గడియారం ఉండేది. తిప్పడం కుర్రాళ్ల పని. తిప్పినప్పుడల్లా గంట కొట్టాలి. అలా ఎనిమిది సార్లు తిప్పితే నాలుగు గంటల కాపలా అయిపోయినట్టు. చలిలో, నిద్రమత్తులో కుర్రాడు ఊరుకుంటాడా? ఇసుక ఇంకా కారుతుండగానే తిప్పేసేవాడు, కాస్త ముందు పోయి పడుకోవచ్చని. ఓడ ఎంత దూరం వచ్చిందో కట్టే లెక్క కూడా దాంతోపాటే తప్పేది. నీ ఏడింటిలో ఒక్కదానికి అలాంటి కుర్రాణ్ణి పెట్టు. రాజుగారి కాలమంతా వాడి నిద్ర మీద ఆధారపడితే కథ ఎటు పోతుందో చూడు.

భాస్కరాచార్యుడి కూతురు లీలావతి పెళ్లి కథ విన్నావు కదా. నీళ్ల మీద వదిలిన చిల్లు గిన్నె మునిగితే ముహూర్తం. ఆ పిల్ల వంగి చూసింది, నగలోంచి ముత్యం జారి చిల్లుకు అడ్డం పడింది, గిన్నె మునగలేదు, ముహూర్తం దాటిపోయింది. కట్టుకథే కావచ్చు, నాకనవసరం. కట్టినవాడికి మాత్రం పిల్లన్నాక తొంగి చూస్తుందని తెలుసు. నీ యువరాణి ఒక్కసారి కూడా తొంగి చూడలేదు.

నేనూ ఒకప్పుడు ఇలాంటిదే రాశాను. కోటలో గడియ గిన్నె కాపలా కాసేవాడి కథ. ఓ వారపత్రికలో సీరియల్‌గా వచ్చింది. అవి క్షుద్ర నవలల రోజులు. ఎడిటరుగారు పిలిచి "ఆ గిన్నె వాడి గోల ఎందుకండీ, శ్మశానంలో ఓ సీను పడేయండి" అన్నారు. పడెయ్యలేదు. పదకొండో వారం కార్డు వచ్చింది, వచ్చే వారం ముగించమని. ఇంకా ఏడు వారాల కథ ఉంది నా దగ్గర. రాత్రంతా కూర్చుని ముగ్గుర్ని ఒకే సంచికలో చంపాను. గిన్నె వాడికి దక్కింది ఒక్క లైను. ఇరవయ్యేళ్ల తర్వాత అదే పెద్దమనిషి ఓ సభలో జానపద సాహిత్యాన్ని బతికించుకోవాలని గొంతు చించుకున్నాడు. నేను వెనక వరసలో కూర్చుని మిరపకాయ బజ్జీ తిన్నాను.

మూడు భాగాలుగా రాయాలా, కవర్ మీద ఏ బొమ్మ వేయించాలి అని అడిగావు. నన్నడగకు.

నిన్న మా మనవడి ఆటల డబ్బాలో మూడు నిమిషాల ఇసుక గడియారం దొరికితే బల్ల మీద పెట్టుకుని చూశాను. పైన ఇసుక కాసేపు కదిలినట్టే ఉండదు. తర్వాత నడిమధ్య చిన్న గుంట పడుతుంది. అంచుల్లోని ఇసుక ఆ గుంటలోకి జారుతూ ఉంటుంది. కుండకు చిల్లు పడితే నీళ్లు తగ్గేకొద్దీ ధార సన్నబడుతుంది, ఇసుక అలా కాదు, దాదాపు చివరిదాకా ఒకే తీరున కారుతుంది. ఒకసారి మధ్యలో ఆగిపోయింది. వేలితో కొడితే మళ్లీ కదిలింది. నీ ఇరవై రెండు సార్లలో ఇదేదీ లేదు, అందుకే అడుగుతున్నాను, నువ్వు ఇసుక గడియారాన్ని ఎప్పుడైనా చేత్తో పట్టుకున్నావా?

తొంభై మూడో పేజీ ముసలమ్మ మాత్రం బాగుంది. ముక్కుకి కొంగు అడ్డం పెట్టుకుని, గడియారాల కోసం ఇసుక జల్లిస్తూ, తుమ్ము వస్తే జల్లెడ ఎగిరిపోతుందని ఊపిరి బిగబట్టుకుంటుంది చూడు, అక్కడ నేనూ బిగబట్టాను. తీరా పేజీ తిప్పితే ఆమెను ఒక్క వాక్యంలో చంపేశావు. నన్నంటే ఎడిటరు తొందరపెట్టాడు. నిన్నెవరు తొందరపెట్టారు?

ఆమెకో పేరు పెట్టి, ఇంకో పది పేజీలు బతికించి పంపు. ఈసారి అక్షరాలు కాస్త పెద్దవిగా ప్రింటు తీయించు, కుడికన్ను ఆపరేషన్ ఇంకా కాలేదు.