కాటా బరువు కంప్యూటర్లో తప్పు పడుతోంది, ఏం చేయాలి?

ప్రశ్న: సార్, మాది ఆటోనగర్ దగ్గర వేబ్రిడ్జి. ఇండికేటర్ (బరువు అంకెల్లో చూపించే పెట్టె) రిపేరుకెళ్లి వచ్చిన దగ్గర్నించి దానిమీద బరువు కరెక్టుగానే ఉంటోంది గానీ కంప్యూటర్లో కొన్ని అంకెలు బాగానే వచ్చి మిగతాచోట్ల పిచ్చి గుర్తులు పడుతున్నాయి. కేబుల్ మార్చినా అంతే. పుట్టీ (పోర్టులో వచ్చే డేటా చూపించే ప్రోగ్రామ్)లో కామ్ 3 (ఇండికేటర్ కేబుల్ పెట్టిన సీరియల్ పోర్టు) ఓపెన్ చేస్తే యాక్సెస్ డినైడ్ అంటోంది. బిల్లింగ్ నడుస్తుండగానే పోర్టులో ఏమొస్తోందో చూడొచ్చా?
– ఒక పాఠకుడు, గాజువాక

జవాబు: చూడొచ్చండి. విండోస్‌లో ఒక కామ్ పోర్టుని ఒకసారికి ఒక ప్రోగ్రామే తెరవగలదు, బిల్లింగ్ సాఫ్ట్‌వేర్ దాన్ని పట్టుకుని ఉంది కాబట్టి పుట్టీకి దొరకట్లేదు, అంతే, పోర్టు పాడవలేదు. సీరియల్ పోర్ట్ మానిటర్ సాఫ్ట్‌వేర్లు దొరుకుతాయి, అవి డ్రైవర్ దగ్గరే డేటా పట్టుకుంటాయి కాబట్టి ఈ గొడవ ఉండదు. ముందు ఆ మానిటర్ సాఫ్ట్‌వేర్ ఆన్ చేసి తర్వాత బిల్లింగ్ తెరవండి, హెక్స్ వ్యూ (వచ్చిన ప్రతి అక్షరాన్నీ దాని కోడ్‌గా చూపించేది) పెట్టండి.

ఇప్పుడు 12450 కేజీల లారీ ఎక్కిందనుకోండి, సరిగ్గా ఉంటే 31 32 34 35 30 అని (1కి 31, 2కి 32, ఇలా ఒక్కో అంకెకి ఒక్కో కోడ్) కనబడాలి. దానికి బదులు బి1 బి2 బి4 35 30 అని వస్తోందేమో చూడండి. 1, 2, 4, 7, 8 మాత్రమే పాడై 0, 3, 5, 6, 9 బాగుంటే ఇక అనుమానం అక్కర్లేదు, ఇండికేటర్ 7 బిట్లు ఈవెన్ ప్యారిటీలో (తప్పు పట్టుకోవడానికి, 1ల లెక్క సరిసంఖ్య అయ్యేలా చివర ఇంకో బిట్ కలిపి) పంపుతుంటే మీ కంప్యూటర్ 8 బిట్లు నో ప్యారిటీ అనుకుని చదువుతోంది. రెండిట్లోనూ స్టార్టు, స్టాపు బిట్లు కలిపి అక్షరానికి 10 బిట్లే, అందుకే ఎర్రర్ రాదు, ప్యారిటీ బిట్ పోయి ఎనిమిదో బిట్‌ స్థానంలో కూర్చుంటుంది. రిపేర్లో సెట్టింగ్ మారిపోయి ఉంటుంది, ఏదో ఒకవైపు మార్చి రెండూ ఒకటి చేయండి. అంకెలన్నీ పిచ్చిగా వస్తుంటే మాత్రం బాడ్ రేట్ (డేటా పంపే వేగం) రెండువైపులా ఒకటేనా అని చూడాలి. అది తేలేదాకా బిల్లులో బరువు ఇండికేటర్ మీద చూసే వేయండి, అవతల లారీవాళ్ల డబ్బులండీ.

బిల్లింగ్ సిస్టంలో కొత్తగా ఏదీ ఎక్కించొద్దంటే ల్యాప్‌టాప్‌కి యూఎస్‌బీ సీరియల్ కన్వర్టర్ పెట్టుకుని, కంప్యూటర్ వైపు 9 పిన్నుల కనెక్టర్లో 2, 5 పిన్నుల వైర్లకి జాయింటు కొట్టి కన్వర్టర్ 2, 5 పిన్నులకి ఇవ్వండి. 3 కలపొద్దు, మనం వినాలి గానీ పంపకూడదు. పనిలోపనిగా పిన్నులు కూడా చూడండి, మన విశాఖ ఉప్పుగాలికి పచ్చగా చిలుము పడుతుంది. కన్వర్టర్ మాత్రం ఆర్ఎస్-232 (ఈ 9 పిన్నుల సీరియల్ లైన్ పద్ధతి)దే కొనండి, ఆ లైన్లో వోల్టేజి మైనస్ 15 దాకా వెళ్లొచ్చు, చిన్న బోర్డులకి వాడే టీటీఎల్ కన్వర్టర్ తగిలిస్తే కాలిపోతుంది.