నవాహో పిల్లల బడికి వెళ్తున్న మేనకోడలికి

తెనాలి,
జూన్ నెలాఖరు

అమ్మాయ్,

అమెరికా ఆదివాసులైన నవాహోల పిల్లల బడిలో టీచరు ఉద్యోగం ఖాయమైందనీ, వచ్చే నెలలో అరిజోనా రాష్ట్రంలోని ఫీనిక్స్‌లో దిగుతున్నావనీ మీ నాన్న ఫోన్ చేసి చెప్పాడు. అక్కడి చలికి తట్టుకుంటావా, కందిపప్పు దొరుకుతుందా అని ఆయన టెన్షన్. దొరుకుతుందిలే. సెలవులకి ఫీనిక్స్ వెళ్లినప్పుడు తెచ్చుకుంటావు. నువ్వు అడిగింది వేరే. "అక్కడి పిల్లలకి సరైన బట్టలుండవట కదా అత్తా, ఇక్కణ్ణించి ఏమైనా పట్టుకెళ్లనా" అన్నావు. ఫోన్‌లో చెప్పేది కాదని ఈ ఉత్తరం రాస్తున్నా.

ఏమీ పట్టుకెళ్లకు. కనీసం మొదటి ఏడాది వద్దు.

నేను అక్కడ టీచరుగా వెళ్లిన ఏడాది డిసెంబర్‌లో చేసిన ఘనకార్యం చెప్తా విను. నా క్లాసులో ఒక పాప పలచటి చొక్కాతో వచ్చేది. ఆ ఊరు సముద్రమట్టానికి ఐదున్నర వేల అడుగుల ఎత్తున ఉంటుంది. పొద్దున్నే బస్సు దిగేసరికి పిల్లల బుగ్గలు పగిలి ఉండేవి. ప్రాణం ఊరుకోక గ్యాలప్ పట్నం వెళ్లినప్పుడు ఒక మంచి స్వెటర్ కొన్నా. దాని మీద పెద్ద కళ్ల గుడ్లగూబ బొమ్మ. అమెరికాలో గుడ్లగూబ అంటే చదువు, తెలివి కదా అనుకున్నా. అందరి ముందూ పిలిచి తొడిగించా. పిల్ల తల వంచుకుని నిలబడింది. మర్నాడు స్వెటర్ డెస్కులో ఉంది. వారం గడిచినా అక్కడే ఉంది.

తర్వాత వాళ్ల అమ్మమ్మ బడికి వచ్చింది. కోప్పడలేదు. మా క్లాసులో సహాయకురాలిగా ఉన్న నవాహో ఆవిడ పక్కన కూర్చుని ఆమె మాటలు ఇంగ్లీషులో చెప్పింది. వాళ్లకి గుడ్లగూబ చెడు కబురు మోసుకొచ్చే పక్షి. నాకు సిగ్గేసింది. ఎందుకంటే మా నాయనమ్మ కూడా ఇంటి మీద గుడ్లగూబ అరిస్తే రాత్రంతా నిద్రపోయేది కాదు. అది వింటూ పెరిగిన దాన్ని, డాలర్లు పోసి కొని మరీ పిల్లకి తొడిగా! పాముల బొమ్మలు, పుర్రెల బొమ్మలు కూడా అంతే. హాలోవీన్ తర్వాత దుకాణాల్లో చవగ్గా అమ్మే చొక్కాలు చూసి ఆశపడకు.

బొమ్మ ఒక్కటే తప్పు కాదు, అందరి ముందూ ఇవ్వడం అంతకంటే పెద్ద తప్పు. అది నాకు అర్థమవడానికి ఇంకో ఏడాది పట్టింది.

ఆ ఏడాది ఫీనిక్స్‌లో ఉన్న మన తెలుగువాళ్లు కొందరు ప్రేమగా ఆరు సంచుల పాత బట్టలు పోగుచేసి పంపారు. సగం ఆఫీసు చొక్కాలు, అది వేరే సంగతి. సంచి తెరవగానే ఒక పెద్దావిడ అడిగిన మొదటి ప్రశ్న: "వీటి మనుషులు బతికే ఉన్నారా?" పాత పద్ధతులు పాటించే నవాహో ఇళ్లలో చనిపోయినవాళ్ల వస్తువులు ముట్టుకోరు, చావు గురించి మాట్లాడటానికి కూడా ఇష్టపడరు. నా దగ్గర జవాబు లేదు. సంచుల్ని గ్యాలప్ తీసుకెళ్లి ఒక పాత బట్టల దుకాణంలో ఇచ్చేశా. ఊళ్లో అందరూ అలా ఉంటారని కాదు. చర్చికి వెళ్లే ఇళ్లున్నాయి, ఏదీ పట్టించుకోని ఇళ్లూ ఉన్నాయి. ఎవరిల్లు ఎలాంటిదో నీకు తెలిసేదాకా కొత్తదే ఇవ్వు, లేబుల్ తీయకుండా ఇవ్వు.

బడి బట్టలంటే వాళ్ల పెద్దవాళ్లకి ఇంకో జ్ఞాపకం ఉంది. 1864లో అమెరికా సైన్యం వాళ్లని వందల మైళ్లు నడిపించి బోస్క్ రెడోండో అనే చోట నిర్బంధించింది. వాళ్లు ఆ చోటుని హ్వేల్ది అంటారు. 1868 జూన్ 1న ఒప్పందం కుదిరాకే సొంత నేలకి తిరిగొచ్చారు. ఆ ఒప్పందంలో ఆరో అధికరణం చదువు గురించి: 6 నుంచి 16 ఏళ్ల పిల్లలు 30 మంది ఉన్నచోట ప్రభుత్వం ఒక బడి గది, ఒక టీచరు ఇస్తుంది. అంటే నీ ఉద్యోగం ఆ కాగితంలో రాసి ఉందే పిల్లా. కానీ ఆ తర్వాత వచ్చిన బోర్డింగ్ బడుల్లో జరిగింది వేరు. పిల్లలు రాగానే ఇంటి బట్టలు విప్పించి, సర్కారు బట్టలు వేసి, జుట్టు కత్తిరించేవారు. సొంత భాష మాట్లాడితే శిక్ష. వాళ్లకి జుట్టంటే మనిషి ఆలోచనలు ఉండే చోటు. మగపిల్లలు కూడా పొడుగ్గా పెంచి వెనక ముడి వేసుకుంటారు. నీ విద్యార్థుల అమ్మమ్మల్లో ఆ బడుల్లో చదివినవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. అందుకే యూనిఫాం పెడదామని ఎవరన్నా మీటింగులో అంటే ముసలివాళ్లు గమ్మున అయిపోతారు. ఆ మౌనాన్ని ఒప్పుకోలు అనుకోకు.

సాయం లేదా అంటే ఉంది. చాలా చోట్ల ఉంది, ముక్కలు ముక్కలుగా. టీచరుగా నువ్వు చేయగలిగిన పెద్ద పని, ఏ ముక్క ఎక్కడుందో తెలుసుకుని ఆ ఇంటివాళ్ల చెవిన వేయడం.

మొదటి చోటు చాప్టర్. నవాహో దేశం అంటే వాళ్ల సొంత ప్రభుత్వం నడిచే నేల, మూడు రాష్ట్రాల్లో దాదాపు 27,000 చదరపు మైళ్లు పరుచుకుని ఉంది, అందులో 110 చాప్టర్లు. మన పంచాయతీ లాంటివనుకో, ప్రతిదానికీ ఒక చాప్టర్ హౌస్ ఉంటుంది. వాళ్ల రాజధాని విండో రాక్‌లో ఉన్న కౌన్సిల్ డబ్బు మంజూరు చేసిన ఏళ్లలో బడి బట్టల సాయం చాప్టర్ల ద్వారా వస్తుంది. కొన్ని చాప్టర్లు తమ సొంత బడ్జెట్‌లోంచి కూడా ఇస్తాయి. నిబంధనలు ఏటా మారతాయి. పోయినేడు ఇంత ఇచ్చారు కదా అని ఎవరికీ మాటివ్వకు. ఎక్కువగా అడిగేవి మూడు: పిల్ల నవాహో అని చూపే సి.ఐ.బి. పత్రం, బడిలో చేరినట్టు కాగితం, తల్లిదండ్రులు ఆ చాప్టర్‌లో ఓటరుగా నమోదైనట్టు రుజువు. చిక్కు ఈ మూడోదాంట్లో వస్తుంది. తల్లి పుట్టింటి చాప్టర్‌లో ఓటరు, పిల్ల చదివేది ఇంకో చాప్టర్‌లో. వాళ్లు నీ బడి ఉన్న ఊరి చాప్టర్‌కి వెళ్లి ఉత్త చేతులతో తిరిగొస్తారు. ఓటు ఎక్కడుందో ముందు అడగమను. కోరం లేక మీటింగు వాయిదా పడిందంటే విసుక్కోకు, అక్కడ అది మామూలే.

సి.ఐ.బి. లేకపోతే మన జిల్లా కేంద్రం లాంటి ఏజెన్సీ ఊళ్లో ఉన్న నమోదు ఆఫీసుకి వెళ్లాలి. మన దగ్గర కులం సర్టిఫికెట్ కోసం తిరిగినట్టే తిరుగుతారు, కాకపోతే ఒక్కో తిరుగుడు యాభై మైళ్లు. నీ పని ఒకటి చేసిపెట్టు. బడిలో చేరినట్టు కాగితం ఆగస్టు మొదటి వారంలోనే ఆఫీసు నుంచి తీయించి, ప్రతి పిల్ల సంచిలో రెండు కాపీలు పెట్టు. ఆ ఒక్క కాగితం కోసం పని మానుకుని వచ్చే తల్లులు ఉంటారు. కొన్న బట్టల రసీదులు పారేయొద్దని కూడా చెప్పు. తర్వాత అడుగుతారు.

గడియారం సంగతి మర్చిపోతా, ఇక్కడే చెప్పనీ. అరిజోనాలో వేసవికి గడియారం మార్చరు, నవాహో దేశంలో మారుస్తారు. మధ్యలో ఉన్న హోపీ అనే ఇంకో తెగ నేల మీద మళ్లీ మార్చరు. ఆగస్టులో ఫీనిక్స్‌లో నాలుగైతే విండో రాక్‌లో ఐదు, ఆఫీసు కట్టేస్తారు. ఒక దరఖాస్తు నేను అలాగే పోగొట్టా.

రెండో చోటు నీ బడే. బడి తెరవగానే ఇంటికి పంపే ఫారాల కట్టలో 506 ఫారం ఉంటుంది, ఆదివాసీ పిల్లల చదువుకి టైటిల్ సిక్స్ అనే పద్దు కింద కేంద్రం ఇచ్చే డబ్బు కోసం. పిల్లో, తల్లో తండ్రో, తాతో అమ్మమ్మో తెగలో సభ్యులైతే చాలు. ఒక్కసారి నింపితే ఆ బడిలో ఉన్నన్నాళ్లూ చెల్లుతుంది. 1934 నాటి జాన్సన్-ఓమాలీ చట్టం కింద వచ్చే డబ్బు ఇంకోటి. దాన్ని ఎలా ఖర్చుపెట్టాలో తల్లిదండ్రుల కమిటీ కూర్చుని చెప్తుంది. పుస్తకాలు, పెన్నులు, ట్యూషన్, ఒక్కోచోట పన్నెండో తరగతి పిల్లలు పట్టా పుచ్చుకునే రోజు వేసుకునే గౌన్లు కూడా అందులోంచే. నువ్వు ఆ కమిటీలో మాట్లాడకు, వెనక కుర్చీలో కూర్చుని విను చాలు. ఇంపాక్ట్ ఎయిడ్ అని శరదృతువులో ఒక సర్వే కాగితం వస్తుంది. ఆ నేల మీద ఆస్తి పన్ను ఉండదు కాబట్టి కేంద్రం బడికి ఆ లోటు కొంత పూడుస్తుంది. నవాహో బడులు నడిచే డబ్బులో అది పెద్ద వాటా. తల్లిదండ్రులు సంతకం పెట్టక పోగొట్టుకున్న ప్రతి కాగితం బడికి నష్టం. నేను వాటి కోసం ఇళ్లకి కూడా వెళ్లా.

మూడోది జాగ్రత్తగా వాడాల్సింది. ఇల్లు కోల్పోయి బంధువుల ఇంట్లో సర్దుకుంటున్న పిల్లలకి మెకినీ-వెంటో చట్టం కింద బట్టలు, బూట్లు, బస్సు సౌకర్యం అడగొచ్చు. ప్రతి స్కూల్ డిస్ట్రిక్ట్‌లోనూ దీన్ని చూసే మనిషి ఒకరు ఉండి తీరాలి. ఆ పేరు మొదటి రోజే కనుక్కో. కానీ ఆ చట్టం భాషలో ఈ పిల్లలు "ఇల్లు లేనివాళ్లు". అమ్మమ్మ ఇంట్లో పెరగడం వాళ్లలో ఇల్లు లేకపోవడం కాదు, అది వాళ్ల పద్ధతి. వంశం తల్లి వైపు నుంచి వస్తుంది. చుట్టరికాన్ని వాళ్లు "కే" అంటారు, దాని మీదే బతుకంతా నడుస్తుంది. పరిచయంలో ముందు తల్లి క్లాన్, అంటే వంశం పేరు, తర్వాత తండ్రిది, తర్వాత అమ్మ తండ్రిది, నాన్న తండ్రిది చెప్తారు. మన గోత్రం అనుకుంటే సగమే అర్థమైనట్టు. కాబట్టి మొదట చూడాల్సింది, ఆ పిల్ల అక్కడ ఎందుకుంది అని. ఉంటున్న ట్రైలర్ ఇల్లు కాలిపోయి వచ్చారా, లేక ఎప్పుడూ అమ్మమ్మ దగ్గరే పెరిగిందా. నిజంగా అవసరమున్న ఇంటితో ఆ మాట అనకుండానే "బడి తరఫున కోటు, బూట్లు వస్తాయి, ఒక ఫారం ఉంది" అని చెప్పొచ్చు.

ఏ కాగితానికైనా అమ్మమ్మని పిలువు. తల్లి వైపు అమ్మమ్మని షిమా సానీ అంటారు. పిల్ల కాన్వకేషన్‌కి వెల్వెట్ జాకెట్టు, మడతల లంగా, టర్కాయిస్ పూసలు సిద్ధం చేసేది కూడా సాధారణంగా ఆవిడే. మాట్లాడేటప్పుడు కళ్లల్లోకి గుచ్చి చూడకు, వేలు పెట్టి చూపించకు. వాళ్లు పెదవులతో చూపిస్తారు, నీకు అలవాటవుతుంది. ఆవిడ మాట ఆపి ఊరుకుంటే నువ్వూ ఊరుకో. మనకి ఆ రెండు నిమిషాలు కష్టమే! గ్రహణం రోజు పిల్లలు రాకపోతే గైర్హాజరు వేసి గొడవ చేయకు. 2023 అక్టోబర్ 14న సూర్యగ్రహణం వాళ్ల నేల మీదుగా పోయినప్పుడు పర్యాటకుల పార్కులు మూసేశారు. తినరు, తాగరు, ఆకాశం చూడరు. మా అమ్మ కూడా అంతే కదా, ఆ పూట గరిక వేయని పచ్చడి జాడీ ఉండేది కాదు.

బట్టలు ఎప్పుడు కొనాలన్నది ఎవరూ ఆలోచించరు. సాయమంతా ఆగస్టులో వస్తుంది, అప్పుడు ఎండ మండుతుంటుంది, అందరూ టీ షర్టులూ జీన్సులూ కొంటారు. నవంబర్‌కి మంచు. చిన్లీ లాంటి ఊరి నుంచి గ్యాలప్ తొంభై మైళ్లు, రానూపోనూ పెట్రోలుకే ఒక జత బట్టల డబ్బు పోతుంది. కోటు, బూట్లు ఆగస్టులోనే కొనమని చెప్పు, ఒక సైజు పెద్దవి. గ్యాలప్, ఫార్మింగ్టన్ న్యూ మెక్సికోలో ఉన్నాయి. ఆ రాష్ట్రంలో బడులు తెరిచే రోజుల్లో ఒక వారాంతం వంద డాలర్ల లోపు బట్టల మీద అమ్మకం పన్ను ఉండదు. తేదీ కనుక్కుని బోర్డు మీద రాయి.

బూట్లు నీళ్లు దిగనివి కావాలి. చాలా ఇళ్లకి మట్టి రోడ్లే, మంచు కరిగితే అది జిగురు బురద. బస్సు దాకా మైలు నడిచే పిల్లలున్నారు. ఇంకోటి, మూడో వంతు ఇళ్లలో కుళాయి లేదు. డ్రమ్ముల్లో నీళ్లు తెచ్చుకుంటారు. ఆరు జతలు ఇచ్చినా ఉతికేదెక్కడ? నాణేలు వేసి బట్టలు ఉతుక్కునే లాండ్రోమాట్‌కి వెళ్లాలంటే నాణేలు, పెట్రోలు కావాలి. మాసిన చొక్కాతో వచ్చేకంటే బడి మానేయడం నయమనుకునే పెద్ద పిల్లల్ని చూశా. మా బడిలో ఆటల గది వెనక ఒక వాషింగ్ మెషిన్ ఉండేది. ప్రిన్సిపాల్‌ని అడిగి, బడయ్యాక అది పిల్లలు వాడుకునేలా చేశా. పేర్ల జాబితా పెట్టలేదు. నేను అక్కడ చేసిన పనుల్లో అదొక్కటే పూర్తిగా సరిగ్గా చేశా అనిపిస్తుంది.

హైస్కూల్ పిల్లలు నీ దగ్గరికి వస్తే కాలేజీ చదువుకిచ్చే చీఫ్ మాన్యులిటో స్కాలర్‌షిప్ గురించి తొమ్మిదో తరగతిలోనే చెప్పు. మార్కులు ఒక్కటే చాలవు, నవాహో భాష, నవాహో ప్రభుత్వం కోర్సులు కూడా చదివి ఉండాలి. పన్నెండులో తెలిస్తే లాభం లేదు. మాన్యులిటో వెనకటి నవాహో నాయకుడు, చదువు కావాలని తన కొడుకుల్ని పెన్సిల్వేనియాలోని కార్లైల్ బోర్డింగ్ బడికి పంపాడు. ఆ పిల్లలు జబ్బు పడి చనిపోయారు. ఇంటికి దూరంగా పంపడానికి భయపడే అమ్మమ్మకి సేయ్‌లీలో ఉన్న డినే కాలేజీ గురించి చెప్పు. 1968లో మొదలైంది, ఒక తెగ తన కోసం తాను నడుపుకున్న మొదటి కాలేజీ అమెరికాలో అదే.

ఒకటి తీసుకెళ్లు, ఇందాక ఏమీ వద్దన్నా గానీ. నా కుట్టుపెట్టె ఆ సహాయకురాలి దగ్గరే వదిలొచ్చా. జిప్పులు ఊడినా, గుండీలు తెగినా మధ్యాహ్నం పిల్లలు వచ్చి కూర్చునేవాళ్లు. కుడుతుంటే కబుర్లు చెప్పేవాళ్లు, మామూలప్పుడు నోరు విప్పని వాళ్లు కూడా. కోటు జిప్పులు అయిపోయి ఉంటాయి. మన బోస్ రోడ్డు కొట్లో డజను లెక్కన అమ్ముతారు. లావువి, ఇత్తడి పళ్లవి చూసి తీసుకో. ప్లాస్టిక్‌వి ఆ చలికి విరిగిపోతాయి.

ఆశీస్సులతో,
మీ అత్త