జూనియర్ బేసిక్ నాకన్నా ఎక్కువ ఉంది, హైకోర్టుకు వెళ్తే స్టెప్పింగ్ అప్ (సీనియర్ బేసిక్‌ను జూనియర్‌తో సమానం చేయడం) వస్తుందా?

మేడమ్, మీరు ఎస్జీటీ (సెకండరీ గ్రేడ్ టీచర్) నుంచి స్కూల్ అసిస్టెంటుగా ముందే ప్రమోషన్ తీసుకున్నారు, మూడేళ్ల తర్వాత ప్రమోషన్ తీసుకున్న జూనియర్ బేసిక్ మీ కంటే పైన ఉంది, ఆఫీసులో అడిగితే "రూల్స్ ఒప్పుకోవు" అన్నారు, ఇక రిట్ వేసేయమంటారా అని కదా అడిగారు. వేయొచ్చు. కానీ ముందు ఆ జూనియర్ ఎస్ఆర్ (సర్వీసు రిజిస్టర్) చూశారా? నేను చూడకుండా వేశాను, అందుకే అడుగుతున్నాను.

నాదీ అచ్చం ఇదే కథ. రెండు పే స్లిప్పులు పక్కపక్కన పెట్టుకుని, ఇంతకంటే సాక్ష్యం ఏం కావాలి అనుకున్నాను. కేసు మొదటిసారి విచారణకు రాగానే "పిటిషనర్ అర్జీని పరిశీలించి తగిన ఉత్తర్వులివ్వండి" అని డిస్పోజ్ చేశారు. గెలిచాననుకుని స్టాఫ్ రూమ్‌లో స్వీట్లు కూడా పంచాను. పరిశీలించమంటే ఇచ్చేయమని కాదని అప్పటికి తెలియదు మరి.

ఆఫీసు వాళ్లు నిజంగానే పరిశీలించారు. ఇద్దరి ఎస్ఆర్‌లు తెప్పించి చూస్తే, జూనియర్‌కు ప్రమోషన్ ఫిక్సేషన్‌లో, అంటే కొత్త పోస్టులో జీతం ఖరారు చేసేటప్పుడు, ఒక ఇంక్రిమెంటు పొరపాటున రెండుసార్లు కలిపారని తేలింది. నా అర్జీ తిరస్కరించారు, ఎక్కువ ఇచ్చినది తిరిగి కట్టమని ఆయనకు రికవరీ నోటీసు ఇచ్చారు. ఆ రోజు రాత్రే ఫోన్ చేశాడు. "అన్నా, నా జీతం చూపించి కేసు వేసేటప్పుడు ఒక్క మాట చెప్పకూడదా?" అన్నాడు. ఏం చెప్పను?

ఒకరికి తప్పుగా ఇచ్చినదాన్ని చూపించి మనకూ ఇవ్వమంటే కోర్టు ఒప్పుకోదు. కాబట్టి జూనియర్‌కు ఎక్కువ ఎందుకు వస్తోందన్నది ముందు తేలాలి. ఇద్దరూ ఒకే యూనిట్‌లో, ఒకే సీనియారిటీ లిస్టులో ఉండాలి. కింది పోస్టు, పై పోస్టు, వాటి స్కేళ్లు ఇద్దరికీ ఒకటే కావాలి. తేడా ఎఫ్ఆర్ 22-బి (ప్రమోషన్‌పై జీతం ఖరారు చేసే రూలు) ఫిక్సేషన్ వల్లో, ప్రమోషన్ లేకుండా ఒకే పోస్టులో 6, 12, 18, 24 ఏళ్లు నిండితే ఇచ్చే ఏఏఎస్ స్కేళ్ల వల్లో వచ్చి ఉండాలి. మామూలుగా జరిగేది ఏమిటంటే, సీనియర్ 12 ఏళ్లు నిండకముందే ప్రమోషన్‌పై వెళ్లిపోతారు, జూనియర్ ఆ స్కేలు తీసుకుని తర్వాత వెళ్తారు. అలా అయితే మీకు బలం ఉన్నట్టే. అలాకాక ఆయనకు కింది పోస్టులోనే అడ్వాన్స్ ఇంక్రిమెంట్లు ఉన్నా, మీరు జీతం లేని సెలవు పెట్టి మీ ఇంక్రిమెంటు వెనక్కి జరిగినా కష్టం. ఫిక్సేషన్ ప్రమోషన్ తేదీ నుంచా, తర్వాతి ఇంక్రిమెంటు తేదీ నుంచా అని ప్రమోషన్ వచ్చాక నెలలోపు ఇవ్వాల్సిన ఆప్షన్ మీరు ఇచ్చారో లేదో కూడా చూసుకోండి.

మీ జూనియర్ ఎస్ఆర్ ఆర్టీఐలో తీసుకుందాం అనుకోకండి. ఉద్యోగి సర్వీసు వివరాలు వ్యక్తిగత సమాచారం కిందికి వస్తాయని 2012లో గిరీశ్ దేశ్‌పాండే కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆయన్నే అడగండి. ఇద్దరూ కూర్చుని లెక్క వేసుకుంటే తప్పు ఉన్నా అక్కడే తెలుస్తుంది.

మా జూనియర్ సంగతి చెప్పాలి కదా. రికవరీ మీద వాడూ కోర్టుకు వెళ్లాడు. 2014 నాటి రఫీక్ మసీహ్ తీర్పు అక్కడ పనికొచ్చింది. ఐదేళ్లకు మించి పొరపాటున ఇస్తూ వచ్చినదాన్ని ఎవరి నుంచైనా గానీ, ఎక్కువ ఇచ్చినదాన్ని రిటైరైనవారి నుంచి, ఏడాదిలో రిటైరయ్యేవారి నుంచి గానీ వసూలు చేయకూడదని అందులో ఉంది. 2022లో థామస్ డేనియల్ అనే కేరళ టీచరు కేసులోనూ రిటైరయ్యాక రికవరీ వద్దన్నారు. పాత డబ్బు వాడికి మిగిలింది, బేసిక్ మాత్రం తగ్గింది. ఎక్కువ వస్తే తిరిగి కడతానని హామీ మీద సంతకం చేసి ఉంటే, 2016 నాటి జగ్‌దేవ్ సింగ్ తీర్పు చూపించి మళ్లీ అడ్డుపడతారు.

"సమాన పనికి సమాన వేతనం" మీద వేయమని యూనియన్ వాళ్లు చెప్పారన్నారు. ఆ మాట గొప్పదే కానీ మీ కేసుకు అది అక్కర్లేదు. బిహార్‌లో నియోజిత్ టీచర్లు (పంచాయతీలు, మున్సిపాలిటీలు నియమించినవాళ్లు) అదే వాదనతో పట్నా హైకోర్టులో గెలిచి, 2019లో సుప్రీంకోర్టులో ఓడిపోయారు. నియామక పద్ధతి, కేడర్ వేరన్నారు. మీది ఒకే కేడర్‌లో ఫిక్సేషన్ గొడవ, అంతవరకే ఉంచండి.

ఆలస్యం మాత్రం చేయకండి. తప్పు ఫిక్సేషన్ వల్ల ప్రతి నెలా నష్టం కొత్తగా జరుగుతున్నట్టేనని 1995లో ఎం.ఆర్. గుప్తా కేసులో చెప్పారు కాబట్టి కేసు చచ్చిపోదు. అరియర్స్ మాత్రం మామూలుగా కేసు వేసిన తేదీకి ముందు మూడేళ్లకే ఇస్తారు, 2008 నాటి తర్సేమ్ సింగ్ తీర్పు అది. అర్జీల మీద అర్జీలు పెడుతూ కూర్చుంటే పాత నెలలు ఒక్కొక్కటే జారిపోతాయి. ఇప్పుడు ఉద్యోగుల కేసులు చూసే ట్రిబ్యునల్ కూడా లేదు, ఏదైనా హైకోర్టుకే.

ఒక పోలిక పట్టిక తయారు చేసి, అర్జీకి జతచేసి, డీడీఓ (జీతం బిల్లు చేసే అధికారి) ద్వారా పంపి రసీదు తీసుకోండి. నోటిమాటగా "రూల్స్ లేవు" అంటే వదలొద్దు, ఏ రూలు, ఎందుకు వర్తించదో రాసి ఇవ్వమనండి. ఆ కాగితమే రిట్‌లో సవాలు చేయాల్సింది. అనుకూలంగా ఉత్తర్వు వచ్చినా అమలు చేయకపోతే కంటెంప్ట్ (కోర్టు ధిక్కారం) కేసుకు ఏడాదే గడువు.

మీ ఇద్దరి ప్రమోషన్ తేదీలు, జూనియర్‌కు 12 ఏళ్ల స్కేలు ఇచ్చిన తేదీ, మీ ఇంక్రిమెంటు నెల ఇక్కడ రాయండి, పేర్లు వద్దు. ఆదివారం కూర్చుని లెక్క వేసి చెప్తాను.