పీహెచ్‌సీకి పోయే ఫుట్‌బాల్ డాక్టరుకు

నాయనా,

కళ్యాణదుర్గం దగ్గర పీహెచ్‌సీలో పోస్టింగు వచ్చిందని, ఇక బూట్లు అటక మీదికేననీ రాసినావు. దించు వాటిని. 1948 లండన్ ఒలింపిక్స్‌లో మన ఫుట్‌బాల్ జట్టు కెప్టెన్ తలిమెరెన్ ఆవో. కలకత్తాలో డాక్టరు చదువు, మోహన్ బగాన్ ఆట రెండూ నడిపి, సొంత నాగా కొండలకు తిరిగిపోయి కోహిమా సివిల్ ఆసుపత్రిలో డాక్టరుగా చేరినాడు. పెద్ద ఆటగాడు కొండల పాలయ్యాడని వాపోయేవాళ్లున్నారు. నాకైతే అందులో వాపోవడానికేమీ కనపడదు.

నీకున్న చిక్కల్లా వేరు. విజిల్ పడితే ఉరికే కాళ్లు నీవి. పల్లె వైద్యంలో కూర్చోవడం కూడా రావాల.

బుడ్డలు (వేరుశనగ) పీకే కాలంలో పాముకాటు కేసులు వస్తాయి. రక్తపింజరా, చిన్నపింజరా అని వాదించుకుంటూ కూర్చోవద్దు. కొత్త గాజు టెస్ట్ ట్యూబులో 2 మి.లీ. రక్తం తీసి, కదలకుండా 20 నిమిషాలు నిలబెట్టు. హాఫ్ టైము కన్నా 5 నిమిషాలు ఎక్కువ, అంతే. మధ్యలో ఊపి చూసినావో, లెక్క తప్పుతాది. 20 నిమిషాలకు ఒక్కసారి వంచు. ముద్దగా నిలబడితే సరే, నీళ్లలా జారితే విషం రక్తంలో పని చేస్తోందన్నమాట. సోపు నీళ్లతో కడిగిన ట్యూబులో మామూలు రక్తం కూడా గడ్డకట్టదు. అనవసరంగా మందెక్కిస్తావు.

జారితే పాము విషానికి విరుగుడు మందు, యాంటీ వీనమ్, 10 వయల్స్ సెలైన్లో కలిపి గంటలో ఎక్కించు. పిల్లోడికీ అంతే మందు, విషం మనిషి సైజు చూసి తగ్గదు. దద్దుర్లు, దగ్గు, వణుకు మొదలైతే డ్రిప్పు ఆపి పెద్దోళ్లకు అడ్రినలిన్ 0.5 మి.గ్రా. తొడ కండకు వేయాల. అది ముందే సిరంజిలో ఎక్కించి ట్రేలో పెట్టుకో. 6 గంటలకు మళ్లీ ట్యూబు పరీక్ష.

కట్లపాముది ఇంకో లెక్క. రాత్రి కింద పడుకున్నోళ్లను కరుస్తాది. గాటు కనపడదు, వాపుండదు, రక్తం చక్కగా గడ్డకడతాది. తెల్లారకముందే కడుపునొప్పి అంటూ వస్తారు. రెప్పలు వాలుతున్నాయా, ఉమ్మి మింగగలుగుతున్నారా చూడు. ట్యూబు బాగుందని ఇంటికి పంపొద్దు. మందు మొదలుపెట్టి, 108లో అనంతపురానికి పంపేటప్పుడు ఊపిరి ఆగితే చేత్తో నొక్కి గాలి పంపే ఆంబు బ్యాగు పట్టుకునే మనిషి పక్కన ఉండాల్సిందే.

ఎర్ర తేలు కుట్టిన పిల్లోడు చెమటలు కక్కుతూ, చేతులు చల్లబడి వస్తే నొప్పి సూదితో సరిపెట్టొద్దు. రక్తనాళాలను వదులుచేసే ప్రజోసిన్ మాత్ర ఇయ్యి, ఒంటి బరువు కిలోకు 30 మైక్రోగ్రాములు, 3 గంటలకోసారి. రోజుకొకటి వేసుకునే నిదాన రకం మాత్ర దీనికి పనికిరాదు. మొదటి డోసు తర్వాత వాణ్ణి మంచం మీంచి లేపనీయొద్దు. తల్లి భుజానేసుకున్నా బీపీ పడిపోతాది. ఆ తల్లికి నువ్వే పక్కన నిలబడి చెప్పాల, నర్సమ్మతో చెప్పిస్తే వినదు.

ఇక ఆట. సాయంత్రం గంటసేపు స్కూలు గ్రౌండులో ఆడు. ఫోను గోల్‌కీపరు దగ్గర పెట్టు, వాడికే తీరిక. నేల మీద జారుతూ బంతి లాక్కునే స్లైడ్ టాకిల్ మానుకో. నీ చీలమండ విరిగితే పీహెచ్‌సీకి డాక్టరుండడు. ఆడేముందు పిల్లోళ్లతో సర్కారు తుమ్మ ముళ్లు ఏరించు. ఉత్తకాళ్ల వాళ్ల ధనుర్వాతం టీకాల లెక్క రాసి పెట్టుకో. కాలు బెణికినోడు నాలుగు అడుగులు వేయలేకపోయినా, చీలమండ ఎముక వెనక అంచు నొక్కితే కేక పెట్టినా ఎక్స్‌రేకు పంపు. నాటు కట్టుకే పోతామంటే కొట్లాడొద్దు. వేళ్లు నల్లబడినా, తిమ్మిరెక్కినా కట్టు కోసేసి రమ్మని మాత్రం గట్టిగా చెప్పు.

ఓఆర్‌ఎస్ ప్యాకెట్టు మొత్తం ఒక్క గ్లాసులో కలిపేస్తారు. లీటరు బాటిల్ చేతికిచ్చి నీ ముందరే కలిపించు.

పోయేముందు ల్యాబు సామాన్ల షాపులో టెస్ట్ ట్యూబులు ఒక డబ్బా కొనుక్కో. ప్లాస్టిక్కువి చౌక అని అంటగడతారు. వాటిలో రక్తం సరిగా గడ్డకట్టదు, గాజువే అడుగు.