శాక్సోఫోన్ పట్టుకుంటే ఇంజనీరింగ్ దారి మూసుకుపోతుందా?

ప్రశ్న: మేము పదేళ్లుగా ఓస్లోలో ఉంటున్నాం. మా అబ్బాయి పదో తరగతి. ఎనిమిదేళ్లప్పుడు స్కూలు బ్యాండులో చేరి శాక్సోఫోన్ నేర్చుకున్నాడు. ఇప్పుడు పై చదువుకు సంగీతం కోర్సే కావాలని పట్టుబడుతున్నాడు. యాన్ గార్బారెక్ అనే నార్వే కళాకారుడు సంగీత కళాశాల డిగ్రీ లేకుండానే ప్రపంచమంతా పేరు తెచ్చుకున్నాడని వాదిస్తాడు. గణితంలో వాడికి మంచి మార్కులే వస్తాయి. గుంటూరులో ఉన్న మా అమ్మానాన్నలు ఇంజనీరింగే చదివించమంటున్నారు. సంగీతంతో బతకగలడా? మూడేళ్ల తర్వాత మనసు మారితే ఏ దారీ మిగలదేమోనని భయంగా ఉంది.
– ఒక తండ్రి, ఓస్లో

జవాబు: ముందు గార్బారెక్ సంగతే మాట్లాడుకుందాం. మీ అబ్బాయి ఆయన పేరు చెప్పి వాదిస్తున్నాడు కాబట్టి ఆయన జీవితం మీకూ తెలిసి ఉండాలి. తెలిస్తే మీ ఇద్దరి మాటల్లోనూ పట్టు కొంత సడలుతుందని నా నమ్మకం.

ఆయన కూడా మీ అబ్బాయిలాగే బయటి దేశం నుంచి వచ్చిన తండ్రికి పుట్టినవాడు. తండ్రిది పోలండ్. రెండో ప్రపంచ యుద్ధంలో జర్మన్లకు చిక్కి ఖైదీగా నార్వే చేరాడు. తల్లి నార్వే రైతు కుటుంబం ఆడపడుచు. 1947లో మీసెన్ అనే ఊళ్లో పుట్టి ఓస్లోలో పెరిగిన ఆ పిల్లవాడికి ఏడేళ్లు వచ్చేదాకా పౌరసత్వమే లేదు.

పద్నాలుగేళ్లప్పుడు రేడియోలో అమెరికా జాజ్ విద్వాంసుడు జాన్ కోల్ట్రేన్ శాక్సోఫోన్ విన్నాడు. ఇక మనసు నిలవలేదు. ఇంట్లో వాళ్లు వాద్యం కొనిపెట్టేలోగా ఒక పుస్తకం సంపాదించి, ఏ స్వరానికి ఏ వేళ్లు ఎక్కడ ఆనాలో నేర్చేసుకున్నాడు. దయచేసి ఈ ఒక్క దృశ్యాన్ని కాసేపు కళ్ల ముందు నిలుపుకోండి. చేతిలో వాద్యం లేదు. నొక్కడానికి మీటల్లేవు, ఊదడానికి రీడు లేదు. ఎదురుగా తెరిచి ఉంచిన పుస్తకం, కదులుతున్న వేళ్లు, అంతే. మరుసటి ఏడాది, 1962లో, నార్వే ఔత్సాహిక జాజ్ పోటీలో గెలిచాడు. మీ అబ్బాయి గార్బారెక్ పేరెత్తినప్పుడు డిగ్రీ సంగతి వదిలేసి ఈ సంగతి అడగండి. ఎవరూ చెప్పకుండా రోజుకు ఎంతసేపు సాధన చేస్తున్నాడు? బ్యాండు సెలవుల్లో పెట్టె తెరుస్తున్నాడా?

డిగ్రీ లేదన్నది నిజమే. గురువు లేడనుకుంటే మాత్రం పొరపాటు. 1965లో నార్వేలోని మోల్డే ఊళ్లో జరిగే జాజ్ ఉత్సవంలో ఆయన వాయిస్తుంటే అమెరికా స్వరకర్త జార్జ్ రసెల్ విన్నాడు. జాజ్ స్వరశాస్త్రంలో కొత్త సిద్ధాంతం చెప్పిన పండితుడాయన, అప్పట్లో స్కాండినేవియాలోనే ఉండేవాడు. ఆ పద్దెనిమిదేళ్ల కుర్రవాణ్ణి తన బృందంలోకి తీసుకున్నాడు. ఆ తర్వాతి కొన్నేళ్లు రసెల్ దగ్గర గార్బారెక్ వాయించాడు, ఆయన సిద్ధాంతాన్ని చదివాడు, వేదికల మీద తిరిగాడు. మన గురుకులవాసం ఇలాంటిదే కదా! పక్కన డ్రమ్స్ మీద యోన్ క్రిస్టెన్‌సెన్, గిటారు మీద టెర్యే రిప్‌డాల్, బాస్ మీద ఆరిల్డ్ అండర్‌సెన్ ఉన్నారు. అందరూ దాదాపు ఈడువాళ్లే, అందరూ తర్వాత పేరు తెచ్చుకున్నవాళ్లే.

1970లో మాన్‌ఫ్రెడ్ ఐఖర్ అనే జర్మన్ నిర్మాత ఓస్లో వచ్చి ఈ నలుగురినీ రికార్డు చేశాడు. మ్యూనిక్‌లో ఆయన పెట్టిన ఈసీఎం అనే రికార్డుల సంస్థకు అప్పటికి ఏడాది వయసు. ఆనాటి నుంచి గార్బారెక్ సొంత రికార్డులు దాదాపు అన్నీ ఆ ఒక్క సంస్థ నుంచే వచ్చాయి. కీత్ జారెట్ వంటి పియానో విద్వాంసుడితో 1974లో చేసిన రికార్డు కూడా అక్కడిదే. ఒక నిర్మాత, ఒక సౌండ్ ఇంజనీరు, కొద్దిమంది తోటి వాద్యకారులు, దశాబ్దాల నమ్మకం. ఈ వృత్తిలో నిలదొక్కుకోవడం చాలావరకు ఇలా ఒకరినొకరు వదలకుండా పట్టుకోవడంతోనే జరుగుతుంది. బిడియపడే పిల్లలకు నేను ఈ విషయం ప్రత్యేకంగా చెబుతుంటాను.

ఇక ఆయన స్వరకర్తగా ఎదిగిన తీరు. మొదట్లో కోల్ట్రేన్ నీడ బాగా కనిపించేది. అమెరికా నుంచి వచ్చిన ట్రంపెట్ వాద్యకారుడు డాన్ చెర్రీ ఆయన చూపును నార్వే జానపదం వైపు తిప్పాడు. ఆ తర్వాత పల్లెపాటలు, ఉత్తరాదిన సామీ జాతివారి గానం ఆయన సంగీతంలోకి వచ్చి చేరాయి. 1976 నాటి ‘డిస్’ రికార్డులో నార్వే తీరంలో గాలి తగిలితే దానంతట అదే మోగే తంత్రీవాద్యం వినిపిస్తుంది. దాని మీద ఆయన శాక్సోఫోన్ ఒంటరిగా పిలుస్తున్నట్టు ఉంటుంది. మీరు ఒక సాయంత్రం అబ్బాయితో కలిసి అది వినాలని నా కోరిక.

మన ఉపఖండం వైపూ ఆయన చెయ్యి చాచాడు. వయొలిన్ ఎల్. శంకర్, తబలా జాకీర్ హుస్సేన్, వేణువు హరిప్రసాద్ చౌరాసియాల పక్కన వాయించాడు. పాకిస్తాన్ గాయకుడు ఉస్తాద్ ఫతే అలీఖాన్‌తో ఒక పూర్తి రికార్డు చేశాడు. అందుకే మీ ఇంట్లో కర్ణాటక సంగీతం వినిపిస్తూ ఉంటే దాన్ని వేరే గదిలో పెట్టకండి. శాక్సోఫోన్ మీద గమకాలు పలకవని ఎవరైనా అంటే మంగళూరు వైపు నుంచి వచ్చిన కర్ణాటక శాక్సోఫోన్ విద్వాంసుడు కద్రి గోపాల్‌నాథ్ కచేరీ ఒకటి వినిపించండి. ఓస్లోలో పెరిగిన తెలుగు పిల్లవాడికి రెండు పాటల ఊళ్లున్నాయి. స్వరకర్త కావాలనుకునేవాడికి అది పెద్ద ఆస్తి.

1993లో ఆస్ట్రియాలోని సెయింట్ గెరోల్డ్ మఠంలో హిలియార్డ్ ఎన్‌సెంబుల్ అనే బ్రిటిష్ బృందం గాయకులు నలుగురు కొన్ని శతాబ్దాల నాటి చర్చి పాటలు పాడుతుంటే, వాటి మధ్య గార్బారెక్ తనకు తోచినట్టు వాయించాడు. ‘ఒఫీషియం’ పేరుతో వచ్చిన ఆ రికార్డు పది లక్షలకు పైగా అమ్ముడుపోయింది. అప్పటికి ఆయన శాక్సోఫోన్ పట్టి ముప్పై ఏళ్లు దాటింది. మీ అబ్బాయి ఈ లెక్క కూడా చూసుకోవాలి.

ఇప్పుడు బతుకుతెరువు మాట. గార్బారెక్ అంతటివాడు ఏ తరంలోనూ ఒకరిద్దరికి మించి ఉండరు. మిగిలినవారి సంపాదన ఎలా ఉంటుందో చూసి నిర్ణయం తీసుకోవాలి. మీరున్న దేశంలో పిల్లలకు సంగీతం, కళలు నేర్పే బడి ప్రతి మునిసిపాలిటీలో ఉండాలని 1997 నుంచి చట్టం ఉంది. అక్కడ పాఠాలు చెప్పేది ఇలాంటి కళాకారులే. వారంలో కొన్ని రోజులు పాఠాలు, ఒకటి రెండు స్కూలు బ్యాండులకు శిక్షణ, మిగతా రోజుల్లో కచేరీలు. చాలామంది జీవితం ఇలా గడుస్తుంది. రచనలు వినిపించిన చోటల్లా స్వరకర్తకు టోనో సంస్థ ద్వారా రాయల్టీ వస్తుంది, కళాకారులకు ప్రభుత్వ స్టైపెండ్లున్నాయి కానీ వాటికి పోటీ గట్టిది. సాఫ్ట్‌వేర్ జీతంతో పోల్చితే ఇది తక్కువే, నెల నెలకూ మారుతుంది కూడా. దాచడం నాకు ఇష్టం లేదు. మీ అబ్బాయి బ్యాండుకు శిక్షణ ఇచ్చే కండక్టరును ఒకసారి ఇంటికి భోజనానికి పిలవండి. ఏడాదిలో ఏ పని ఎన్ని రోజులు చేస్తారో, ఇంటి అద్దె ఎలా కడతారో అడగండి. నా జవాబు కంటే ఆ గంట మీకు ఎక్కువ ఉపయోగపడుతుంది.

మీ రెండో భయం నిజానికి అంత అవసరం లేనిది. సంగీతం, నాట్యం, నాటకం కోర్సు మూడేళ్లూ పూర్తిచేస్తే విశ్వవిద్యాలయ ప్రవేశానికి కావలసిన సాధారణ అర్హత వస్తుంది. అయిదేళ్ల ఇంజనీరింగుకు మాత్రం పై స్థాయి గణితం కోర్సులు ఆర్1, ఆర్2, భౌతికశాస్త్రం మొదటి భాగం అదనంగా కావాలి. అందుకని మొదటి ఏడాది గణితంలో రోజువారీ లెక్కల వైపు సాగే 1పి కాకుండా, సిద్ధాంతం వైపు సాగే 1టి తీసుకోమనండి. ఆర్1, ఆర్2 సంగీతం కోర్సుతో పాటు కుదిరే బడులు కొన్నే ఉంటాయి. దరఖాస్తులో బడుల వరుస రాసేముందే వాటి సలహాదారులతో మాట్లాడండి. అక్కడ కుదరకపోతే మిగిలిన సబ్జెక్టులను తర్వాత ప్రైవేటుగా పరీక్ష రాసి పూర్తిచేసుకోవచ్చు. ఏడాది ఆలస్యం కావచ్చు, అంతకు మించి నష్టం లేదు. గుంటూరులో పెద్దవాళ్లకు ఈ మాట ఫోనులో మీరే చెప్పండి, మనవడి చేత చెప్పించకండి.

ఒక్క జాగ్రత్త. 2023 శరదృతువు నుంచి ఐరోపా ఆర్థిక ప్రాంతం (ఐరోపా సమాఖ్య దేశాలు, నార్వే, ఐస్‌లాండ్, లీక్టెన్‌స్టైన్) బయటి విద్యార్థులకు నార్వే విశ్వవిద్యాలయాల్లో ఫీజు పెట్టారు. మీ కుటుంబానికి ఏ రకం నివాస అనుమతి ఉందో, ఫీజు మినహాయింపు వర్తిస్తుందో లేదో ఇప్పుడే తేల్చుకోండి. మూడేళ్ల తర్వాత ఓస్లో సంగీత అకాడమీకో, ట్రాన్‌హైమ్‌లో 1979 నుంచి నడుస్తున్న జాజ్ విభాగానికో వెళ్లాలనుకుంటే ఇది అవసరమవుతుంది. ఆ రెండు చోట్లా సీటు రావాలంటే ప్రవేశ పరీక్షలో వాయించి మెప్పించాలి.

అబ్బాయి ఇష్టాన్ని కాదనవద్దనే నా సలహా. బడి దరఖాస్తుకు మార్చి 1 గడువు. సంగీతం కోర్సుకు విడిగా వాయించి చూపే పరీక్ష ఉంటుందేమో కూడా ముందే అడగండి. ఈలోగా అబ్బాయిని ఒక పని చేయమనండి: తనకు నచ్చిన పాట ఒకటి, మీ ఇంట్లో పాడుకునే కీర్తన ఒకటి ఎంచుకుని, ఎవరి సాయమూ లేకుండా చెవితో విని శాక్సోఫోన్ మీద పలికించాలి. రెండు నెలల తర్వాత అవి మీకు, ఆ కండక్టరుకు వినిపించమనండి. ఆయన ఏమన్నారో నాకు రాయండి. అప్పుడు బడుల జాబితా ముందు పెట్టుకుని మళ్లీ మాట్లాడుకుందాం.