మసిని పట్టే మట్టి తేనెపట్టు: పాఠకుల ప్రశ్నలకు జవాబులు

ఈ మధ్య డీజిల్ బండ్ల పొగ గురించి మాకు వచ్చిన ఉత్తరాల్లో చాలావాటిలో ఒకటే అనుమానం కనిపించింది. 2020 ఏప్రిల్ 1న బీఎస్-6 (భారత్ స్టేజ్-6) కాలుష్య నిబంధనలు దేశమంతటా అమల్లోకి వచ్చాక, కొత్త డీజిల్ కార్లలోనూ లారీల్లోనూ బస్సుల్లోనూ సైలెన్సర్ కంటే ముందు ఒక పింగాణీ వడపోత వచ్చి చేరింది. షోరూముల్లోనూ మెకానిక్‌ల దగ్గరా దాన్ని డీపీఎఫ్ (డీజిల్ పర్టిక్యులేట్ ఫిల్టర్, అంటే డీజిల్ మసిని పట్టే వడపోత) అంటున్నారు. ఆ వస్తువు ఏమిటో, ఏం చేస్తుందో కొనేటప్పుడు తమకెవరూ చెప్పలేదని చాలామంది రాశారు. అందుకే ఈసారి శీర్షిక మొత్తాన్ని దానికే కేటాయిస్తున్నాను.

ప్రశ్న: మేము 2021లో డీజిల్ కారు కొన్నాము. మూడు కిలోమీటర్ల దూరంలో ఉన్న బడికి పిల్లలను దింపడానికి, తీసుకురావడానికే ఎక్కువగా వాడుతున్నాము. ఏడాది తిరగకముందే డ్యాష్‌బోర్డు మీద పసుపు దీపం వెలిగింది. ఫిల్టర్ మసితో నిండిందనీ, హైవే మీద ఇరవై నిమిషాలు ఆపకుండా నడపమనీ సర్వీసు సెంటరులో చెప్పారు. నిండిన ఫిల్టర్‌ను విప్పి కడగాలి గానీ, హైవే మీద తిప్పితే అది ఎలా శుభ్రపడుతుందండీ? (ఒక పాఠకురాలు, ఖమ్మం)

జవాబు: అమ్మా, వారు మీకు సరైన మాటే చెప్పారు, కానీ కారణం చెప్పి ఉండవలసింది. మసిని పట్టుకోవడం ఈ వడపోత చేసే పనిలో సగం మాత్రమే. పట్టిన మసిని తన కడుపులోనే కాల్చి ఖాళీ చేసుకోవడం మిగతా సగం. మీ కారులో మొదటి సగం రోజూ జరుగుతోంది, రెండో సగానికి మాత్రం అవకాశం దొరకడం లేదు.

మసి అంటే ప్రధానంగా బొగ్గే. గాలిలోని ఆక్సిజన్‌తో అది తనంతట తాను చురుగ్గా కాలాలంటే సుమారు 550 నుంచి 600 డిగ్రీల సెల్సియస్ వేడి కావాలి. ఊళ్లో నెమ్మదిగా మూడు కిలోమీటర్లు నడిచే కారు పొగలో సాధారణంగా 150 నుంచి 250 డిగ్రీలకు మించి వేడి ఉండదు. పైగా ఇంజిన్ పూర్తిగా వేడెక్కేలోపే బడి వచ్చేస్తుంది. వడపోతకు ముందు వైపున, వెనక వైపున ఉండే పీడనాల తేడాను ఒక సెన్సర్ ఎప్పుడూ కొలుస్తూ ఉంటుంది. మసి పేరుకున్నకొద్దీ ఆ తేడా పెరుగుతుంది. అది ఒక హద్దు దాటగానే ఇంజిన్‌ను నడిపే కంప్యూటర్, సిలిండరులో మండడం ముగిసే వేళకు మరికొంచెం డీజిల్‌ను చిమ్మిస్తుంది. ఆ డీజిల్ సిలిండరులో మండకుండా పొగతోపాటు బయటికి వచ్చి, వడపోతకు ముందున్న ప్లాటినం, పలేడియం పూసిన మరో దిమ్మ మీద ఆక్సీకరణం చెంది పొగను 600 డిగ్రీల వరకు వేడెక్కిస్తుంది. అప్పుడు లోపలి మసి అంటుకుని కార్బన్ డయాక్సైడుగా మారి వెళ్లిపోతుంది. ఇదంతా జరగడానికి పది నుంచి ఇరవై నిమిషాలు పడుతుంది. మామూలుగా నడిచే కారులో కొన్ని వందల కిలోమీటర్లకొకసారి, నడిపేవారికి తెలియకుండానే ఇది జరిగిపోతుంది.

మీ ఇంటి విషయంలో ఏం జరుగుతోందో ఊహించడం కష్టం కాదు. కాల్చడం మొదలైన ఐదో నిమిషంలో మీరు బడి గేటు ముందు కారు ఆపేస్తున్నారు. పొయ్యి రాజుకుంటున్న వేళకు నీళ్లు చల్లినట్టుగా ఆ పని సగంలోనే ఆగిపోతుంది. ఇలా పదిసార్లు జరిగితే మసి మిగిలిపోవడమే కాక, కాల్చడానికని చిమ్మిన డీజిల్‌లో కొంత సిలిండరు గోడల వెంట కిందికి జారి ఇంజిన్ ఆయిల్‌లో కలుస్తుంది. డిప్‌స్టిక్ తీసి చూసినప్పుడు ఆయిల్ మట్టం తగ్గకపోగా పెరిగి కనిపిస్తే, దానికి ఎక్కువగా ఇదే కారణం. అలా పలచబడిన ఆయిల్‌ను వెంటనే మార్పించుకోవాలి.

కాబట్టి పసుపు దీపం వెలిగిన రోజున వైరా వైపో సూర్యాపేట వైపో వెళ్లండి. గంటకు 60 కిలోమీటర్లకు తగ్గకుండా, గేరు ఒకటి తక్కువలో ఉంచి, ఇంజిన్ నిమిషానికి 2,000 చుట్లకు పైన తిరిగేలా, దీపం ఆరేదాకా నడపండి. మీ కారు పుస్తకంలో వేరే అంకెలు ఉంటే వాటినే పాటించండి. పసుపు దీపాన్ని పట్టించుకోకపోతే కొన్నాళ్లకు ఎర్ర దీపం వస్తుంది, అప్పుడిక హైవే ప్రయాణంతో పని జరగదు. మరొక మాట కూడా చెప్పాలి. రోజుకు ఆరు కిలోమీటర్ల వాడకానికి డీజిల్ కారు తగినది కాదు. ఈ సంగతి కొనడానికి వచ్చినవారికి ముందే చెప్పడం అమ్మేవారి బాధ్యత అని నా గట్టి నమ్మకం.

ప్రశ్న: పింగాణీ గోడలోని రంధ్రాలు 10 నుంచి 20 మైక్రాన్లనీ, మసి నలుసు 0.1 మైక్రాన్ అనీ చదివాను. జల్లెడ కన్ను కంటే నూరు రెట్లు చిన్నదైన నలుసును జల్లెడ ఎలా ఆపుతుంది? పిల్లలకు ఎలా చెప్పాలో తోచలేదు. (ఒక భౌతికశాస్త్ర ఉపాధ్యాయుడు, శ్రీకాకుళం)

జవాబు: మాస్టారూ, ఈ నెల వచ్చిన ప్రశ్నలన్నిటిలోనూ నాకు ఎక్కువ ఆనందం కలిగించింది ఇదే. మీరు చదివిన అంకెలు సరైనవే. మీటరు వెడల్పున్న గుమ్మం ఒక శనగగింజను ఆపినట్టుంది లెక్క. అయినా ఆపుతుంది.

ముందుగా దాని కట్టడం చూద్దాం. కోసిన వడపోత ముక్క ఒకటి నా బల్ల మీద ఉంది. ఎదురుగా చూస్తే చదరంగపు పలకలా ఉంటుంది: ఒక గది తెరిచి ఉంటే దాని పక్క గది మూసి ఉంటుంది. వెనక్కి తిప్పి చూస్తే ఇటు మూసినవి అటు తెరిచి, ఇటు తెరిచినవి అటు మూసి కనిపిస్తాయి. అంటే తెరిచిన గదిలోకి వచ్చిన పొగకు ఎదురుగా దారి లేదు. గది గోడలోంచి పక్క గదిలోకి దూరి మాత్రమే అది బయటపడాలి. కొత్త కుండ గోడలోంచి నీరు చెమర్చినట్టుగా పొగ ఈ గోడలోంచి పారుతుంది. గోడ మందం సుమారు 0.3 మిల్లీమీటరు, గోడ ఘనపరిమాణంలో దాదాపు సగం ఖాళీయే. చదరపు అంగుళానికి 200 గదులున్న రకంలో ఒక అగ్గిపెట్టె ముఖమంత చోట 500కు పైగా గదులు పడతాయి. మూడు లీటర్ల దిమ్మలో పొగ దూరే గోడలన్నిటినీ పరిచి చూస్తే రెండున్నర చదరపు మీటర్లకు పైన, అంటే దాదాపు ఇద్దరు పడుకునే మంచమంత వస్తుంది. అంత వైశాల్యం ఉండబట్టే పొగ గోడలోకి చాలా నెమ్మదిగా ప్రవేశిస్తుంది. మీ ప్రశ్నకు జవాబు ఆ నెమ్మదితనంలోనే మొదలవుతుంది.

మసి నలుసు ఎంత చిన్నదంటే, చుట్టూ ఉన్న వాయు అణువులు దాన్ని నిలకడగా ఉండనివ్వవు. అది ఎటుపడితే అటు ఎగిసిపడుతూ ఉంటుంది. మీరు తరగతిలో చెప్పే బ్రౌనియన్ చలనం ఇదే. తాగి తూలే మనిషి పొడవాటి మెలికల సందులో నడిస్తే, సందు ఎంత వెడల్పుగా ఉన్నా చివరకు చేరేలోపు ఏదో ఒక గోడను తాకక మానడు. ఇక్కడ గోడను తాకిన నలుసు అక్కడే అంటుకుపోతుంది. నలుసు ఎంత చిన్నదైతే అంత ఎక్కువగా తూలుతుంది, కాబట్టి అంత సులువుగా దొరుకుతుంది. పెద్ద నలుసులు తమ పరిమాణం వల్లనే గోడకు ఒరుసుకుని ఆగుతాయి. ఈ రెండింటికీ మధ్య పరిమాణం ఉన్నవే పట్టుకోవడానికి కాస్త కష్టమైనవి.

కొంతసేపటికి గోడ పైభాగపు రంధ్రాలు మసితో పూడి, గోడ మీద పలచని మసి పొర ఏర్పడుతుంది. అక్కడినుంచి అసలు వడపోత ఆ మసి పొరే. కొత్త గుడ్డలో బురదనీళ్లు వడగడితే మొదటి చెంబు కాస్త మడ్డిగా దిగి, గుడ్డ మీద మడ్డి పేరుకున్నాక నీరు తేటగా దిగడం మీ పిల్లలు చూసే ఉంటారు. ఆ ప్రయోగాన్నే తరగతిలో చేసి చూపించండి. ఈ విధంగా మసిలో 95 శాతానికి పైగా ఆగిపోతుంది. బీఎస్-6 డీజిల్ కారు కిలోమీటరుకు 4.5 మిల్లీగ్రాములకు మించి మసి వదలకూడదు, నలుసుల సంఖ్య కూడా 60,000 కోట్లు దాటకూడదు. ఆ సంఖ్య పెద్దదిగా అనిపించవచ్చు గానీ, ఫిల్టర్ లేని డీజిల్ కారు దానికి పదుల రెట్లు వదులుతుంది.

ప్రశ్న: ఇది మట్టితో చేసిందంటే నమ్మలేకపోతున్నాను. ఏ మట్టి, ఎలా చేస్తారు? (ఒక పాఠకుడు, మార్కాపురం)

జవాబు: పలకల ఊరి నుంచి ఈ ప్రశ్న రావడం భలే పొసగింది, ఎందుకంటే పలక మీద రాసే బలపం ఇందులో ఉంది. కార్డియరైట్ అనే రకం వడపోతకు ముడిసరుకు మూడే: తెల్ల సుద్దమన్ను, మనం బలపపు రాయి అనే టాల్క్, అల్యూమినా. కర్నూలు, అనంతపురం ప్రాంతాల్లో ఆ రాయి గనులు మీకు తెలిసినవే. వీటి పొడులను జిగురుతో, నీటితో ముద్దగా పిసికి, జంతికల గొట్టంలో పిండిని ఒత్తినట్టుగా ఒక ఉక్కు బిళ్లలోంచి ఒత్తుతారు. తేడా ఏమిటంటే, జంతికల బిళ్లలో పిండి రంధ్రాల్లోంచి వస్తుంది, ఇక్కడ ముద్ద వెనకవైపు రంధ్రాల్లోంచి దూరి, ముందువైపు అడ్డంగా నిలువుగా కోసిన సన్నని గాట్లలో వ్యాపించి అతుక్కుని, గళ్లగళ్లుగా బయటికి వస్తుంది. 1970ల మొదట్లో అమెరికాలోని కార్నింగ్ సంస్థలో రాడ్నీ బ్యాగ్లీ ఈ బిళ్లను రూపొందించగా, ఆయన సహచరులు ఇర్విన్ లాక్‌మన్, రొనాల్డ్ లూయిస్ ఆ ముద్దకు తగిన పాళ్లను కనిపెట్టారు. అప్పట్లో అది పెట్రోలు కార్ల పొగను శుద్ధి చేసే క్యాటలిటిక్ కన్వర్టర్ కోసం చేసిన పని. గదులను ఒకటి విడిచి ఒకటి మూసి డీజిల్ మసికి వడపోతగా మలచడం ఆ తరువాతి మాట.

ముద్దలో గంజిపిండి, గ్రాఫైట్ వంటివి కూడా కలుపుతారు. ఆరబెట్టిన దిమ్మను సుమారు 1,400 డిగ్రీల దగ్గర కాల్చినప్పుడు అవి పూర్తిగా కాలిపోయి, అవి ఉన్న చోట్లు రంధ్రాలుగా మిగులుతాయి. మరొక విశేషం నన్ను ఇప్పటికీ ఆశ్చర్యపరుస్తుంది. సుద్దమన్ను నలుసులు పలచని రేకుల్లాంటివి. ముద్ద గాట్లలోంచి దూరేటప్పుడు ఆ రేకులన్నీ గోడ వెంట ఒకే వైపుకు సర్దుకుంటాయి. కాల్చాక పుట్టే స్ఫటికాలు కూడా ఆ వరుసలోనే పేరుకోవడం వల్ల, వేడికి ఆ గోడ దాదాపుగా వ్యాకోచించదు. పదిహేను సెంటీమీటర్ల దిమ్మ వెయ్యి డిగ్రీలు వేడెక్కినా 0.15 మిల్లీమీటరు కూడా పెరగదు, అదే పొడవున్న ఉక్కు అయితే సుమారు 1.8 మిల్లీమీటర్లు పెరుగుతుంది. మసి అంటుకుని ఒక్కసారిగా వేడెక్కినా ఇది పగలకపోవడానికి అదే కారణం.

సిలికాన్ కార్బైడ్‌తో చేసే రకం ఇంకా ఎక్కువ వేడిని తట్టుకుంటుంది. కానీ వ్యాకోచం ఎక్కువ కాబట్టి దాన్ని చిన్న చిన్న చతురస్రపు కడ్డీలుగా చేసి, సిమెంటు వంటి జిగురుతో అతికిస్తారు. 2000లో ఫ్రాన్సులో ప్యుజో 607 కారుతో మసి వడపోత మార్కెట్లో నిలదొక్కుకున్నది ఈ రకంతోనే. అంతకు ముందు 1985లో మెర్సిడెస్ కంపెనీ కాలిఫోర్నియాలో అమ్మిన డీజిల్ కార్లకు వడపోత పెట్టింది గానీ అది ఎక్కువ కాలం సాగలేదు.

ప్రశ్న: నాకు రెండు బీఎస్-6 లారీలున్నాయి. ఒకదానికి ఫిల్టర్ మాటిమాటికీ మూసుకుపోతోంది. లోపలి దిమ్మను పగలగొట్టి తీసేసి, కంప్యూటర్‌లో మార్పు చేస్తే దీపం రాదనీ, మైలేజీ కూడా పెరుగుతుందనీ ఒక మెకానిక్ అంటున్నాడు. పొగ సర్టిఫికెట్‌కు కూడా ఇబ్బంది ఉండదట. చేయించమంటారా? (ఒక లారీ యజమాని, విజయవాడ)

జవాబు: వద్దు. దయచేసి చేయించకండి.

ఒక చిన్న పరీక్ష చేసి చూడండి. తెల్లవారుజామున బండి చల్లగా ఉన్నప్పుడు, మంచి స్థితిలో ఉన్న రెండో లారీ పొగగొట్టం లోపల ఒక తెల్ల రుమాలు తిప్పి తీయండి. దాని మీద మసి దాదాపుగా కనిపించదు. తరువాత ఏదైనా పాత లారీ గొట్టంలో తిప్పి తీయండి. ఆ నలుపే రోజంతా మీ డ్రైవరు, క్లీనరు, ఆటోనగర్‌లో పనిచేసే కుర్రాళ్లు పీల్చేది. డీజిల్ పొగ మనుషులకు క్యాన్సర్ కలిగిస్తుందని ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన క్యాన్సర్ పరిశోధన విభాగం 2012లో తేల్చింది. పొగ సర్టిఫికెట్ రావడం, గాలి శుభ్రంగా ఉండడం ఒకటి కావు. మన కేంద్రాల్లో వాడే యంత్రం పొగ ఎంత చిక్కగా ఉందో చూస్తుంది, కంటికి కనిపించని నలుసులను లెక్కపెట్టదు. నెదర్లాండ్స్, జర్మనీ దేశాల్లో 2023 నుంచి వాహన తనిఖీల్లో నలుసులను నేరుగా లెక్కించే యంత్రాలు పెట్టారు, దిమ్మ తీసేసిన బండ్లు ఆ యంత్రాల ముందు వెంటనే దొరికిపోతాయి. మన దగ్గర కూడా అది త్వరగా రావాలని కోరుకునేవారిలో నేనొకణ్ణి. చట్టం సంగతికి వస్తే, కాలుష్య ప్రమాణాలను ఉల్లంఘించి బండి నడిపితే మోటారు వాహనాల చట్టం 190వ సెక్షన్ కింద మొదటిసారికే 10,000 రూపాయల వరకు జరిమానా, మూడు నెలల వరకు జైలు శిక్ష పడవచ్చు.

మైలేజీ సంగతి కూడా అంతే. శుభ్రంగా ఉన్న వడపోత వల్ల అయ్యే అదనపు ఇంధనం చాలా కొద్ది. మూసుకుపోయిన వడపోత ఎక్కువ డీజిల్ తాగుతుందన్నది నిజమే, కానీ మూసుకుపోవడానికి కారణం దాదాపు ఎప్పుడూ దానికి ముందెక్కడో ఉంటుంది. ఇంజెక్టరు సరిగా చిమ్మకపోవడం, టర్బో నుంచి ఆయిల్ కారడం, పీడనం కొలిచే సెన్సర్ గొట్టం పగలడం వంటివి ముందుగా చూపించండి.

అవన్నీ బాగుంటే బూడిదను అనుమానించాలి. మసి కాలిపోతుంది గానీ బూడిద కాలదు. అది ఇంజిన్ ఆయిల్‌లో కలిపే కాల్షియం, మెగ్నీషియం, జింకు వంటి వాటినుంచి వస్తుంది. ఒక శాతం బూడిద నిచ్చే ఆయిల్ ఒక లీటరు ఇంజిన్‌లో కాలిపోతే ఎనిమిది, తొమ్మిది గ్రాముల బూడిద పుట్టి, ఎక్కువ భాగం వడపోత గదుల అడుగున చేరుతుంది. నా బల్ల మీది ముక్కను గోటితో తడితే తెల్లటి, కాస్త గోధుమరంగు పొడి విభూతిలా రాలుతుంది, అది ఇదే. ధర తక్కువని పాత రకం ఆయిల్ పోయించి ఉంటే మీ లారీ ఇబ్బంది అక్కడే మొదలై ఉండవచ్చు. కంపెనీ చెప్పిన తక్కువ బూడిద ఆయిల్‌నే, డబ్బా మీద సీకే-4 అన్న గుర్తు చూసి వాడండి. పేరుకున్న బూడిదను తీయడానికి దిమ్మను విప్పి, వెనకవైపు నుంచి గాలి పంపి, అవసరమైతే కొలిమిలో కాల్చి శుభ్రం చేసే యంత్రాలున్నాయి. ఆ పని తెలిసినవారి చేతనే చేయించండి. యాసిడ్ పోసినా, ప్రెషర్ పంపుతో నీళ్లు కొట్టినా సన్నని గోడలు చిట్లిపోతాయి, ఆ తరువాత కొత్త దిమ్మ కొనక తప్పదు.

ప్రశ్న: లారీలో పోసే యూరియా ద్రవం ఈ ఫిల్టర్‌ను కడగడానికేనా? (ఒక డ్రైవరు, నెల్లూరు)

జవాబు: కాదు. 32.5 శాతం యూరియా ఉన్న ఆ ద్రవం నైట్రోజన్ ఆక్సైడ్లను తగ్గించే వేరే భాగం కోసం. దానికీ మసికీ సంబంధం లేదు. దాని ట్యాంకులో డీజిల్ గానీ, డీజిల్ ట్యాంకులో ఆ ద్రవం గానీ పొరపాటున కూడా పోయకండి.

ప్రశ్న: ఫిల్టర్ లోపల 600 డిగ్రీల మంట ఉంటే బండి అంటుకోదా? మా ఇంటి ముందు గడ్డివాము ఉంది. (ఒక రైతు, జగిత్యాల)

జవాబు: దిమ్మ చుట్టూ వేడిని తట్టుకునే చాప, దాని పైన లోహపు కవచం ఉంటాయి కాబట్టి బండికి ప్రమాదం లేదు. గడ్డి విషయంలో మాత్రం మీ భయం సబబే. మసి కాలుతున్న సమయంలోనూ, ఆ తరువాత కొంతసేపటి వరకూ బండి కింది భాగాలు, గొట్టం నుంచి వచ్చే గాలి బాగా వేడిగా ఉంటాయి. బండి నిలబడి ఉన్నా ఫ్యాను గట్టిగా తిరుగుతుంటే, ఇంజిన్ ఎప్పటికంటే వేగంగా తిరుగుతుంటే, కాలిన వాసన వస్తుంటే లోపల ఆ పని జరుగుతున్నదని అర్థం. అప్పుడు వాము పక్కన గానీ, రోడ్డు మీద ఆరబోసిన గడ్డి మీద గానీ ఆపకుండా, మరో పది నిమిషాలు నడిపి వచ్చి మట్టి నేల మీద ఆపండి.