ఆ పెట్టె బరువెంత?

చిరంజీవికి ఆశీస్సులు.

నీ కథ అందిందమ్మా. రెండుసార్లు చదివాను. మొదటిసారి రాత్రి పదకొండు దాకా, లైటు తీసేయాలనిపించక. రెండోసారి పొద్దున్నే, పెన్సిల్ పట్టుకుని. 1920 నాటి సైబీరియా, వెనక బోల్షివిక్కుల ఎర్రసేన, ముందు గడ్డకట్టిన బైకాల్ సరస్సు, జార్ బంగారాన్ని ఆ సరస్సులో దాచిన, వాళ్లని ఎదిరించిన ఒక తెల్లసేన సైనికుడు, వందేళ్ల తర్వాత దాన్ని వెతుక్కుంటూ వచ్చిన ముని మనవడు. ఇంత దూరపు సంగతిని ఎత్తుకున్నందుకే నాకు సంతోషంగా ఉంది. నా తరం వాళ్లం మాస్కోలో అచ్చయిన తెలుగు పుస్తకాలు చదువుకుంటూ పెరిగాం. వాటిలోని మంచు మా ఎండాకాలపు సెలవుల్లో పడేది. నీ తరంలో ఒకరు మళ్లీ ఆ మంచు దగ్గరికి వెళ్లడం బాగుంది.

ఇక ఆరో పేజీ. నీ సైనికుడు రెండు పెట్టెలు చెరో భుజానా వేసుకుని మంచు మీద పరుగెడతాడు. ఆ పెట్టె బరువెంతో లెక్క వేశావా?

నేను వేశాను. ఆ బంగారంలో దొంగతనం జరిగిందని లెక్కల్లోకి ఎక్కిన ఘటన ఒకటుంది. 1920 జనవరిలో, సైబీరియాలోని ఇర్కుత్స్క్ నగరానికి పడమరగా తిరెత్ అనే స్టేషన్ దగ్గర 13 పెట్టెలు మాయమయ్యాయి. వాటి విలువ 7 లక్షల 80 వేల రూబుళ్లు. అంటే పెట్టెకి 60 వేలు. అప్పటి పది రూబుళ్ల బంగారు నాణెం 8.6 గ్రాములు తూగేది. నాణేలే అనుకుంటే పెట్టెకి ఆరువేలు. 51 కిలోలు దాటుతుంది, చెక్క బరువు కాకుండానే. మన సిమెంటు బస్తా 50 కిలోలు. నువ్వు తిండి లేని, టైఫస్ తిరుగుతున్న సైన్యంలోని మనిషి చేత రెండు సిమెంటు బస్తాలకంటే ఎక్కువ మోయించి, పరుగెత్తించావు.

ఇదేదో చిన్న తప్పు, దిద్దుకుంటే సరిపోతుందని అనుకోకు. బరువు తెలిస్తే కథ మారిపోతుంది. ఒక్క పెట్టె కదలాలంటే ఇద్దరు కావాలి. ఇద్దరుంటే ఒకరినొకరు నమ్మాలి, లేదా నమ్మకూడదు. పదమూడు పెట్టెలు పోయాయంటే ఎంతమంది చేతులు పడి ఉండాలి? ఆ చేతుల్లో కాపలావాళ్లవి ఎన్ని? నీ కథ ఇక్కడ మొదలవ్వాల్సింది.

రెండో సంగతి బైకాల్. ఆ బంగారాన్ని వెంటబెట్టుకుని పారిపోయిన తెల్లసేన అధినేత కోల్చాక్ ఎక్కిన రైలు బైకాల్ దాకా పోనేలేదు. ఆ సరస్సు ఇర్కుత్స్క్‌కి తూర్పున ఉంది. ఆయన ప్రయాణం ఇర్కుత్స్క్‌లోనే ముగిసింది. చివరి బంగారం కూడా అక్కడే ఆగింది. బైకాల్ ఒడ్డు వెంబడి దాటింది అంతకు ముందే తూర్పు తీరపు రేవు వ్లదివొస్తోక్‌కి పంపిన బంగారం. ఈ రెండింటినీ జనం నోటి మాట ఒకటి చేసేసింది. మన పల్లెల్లో ఏ పాడుబడిన కోట చూసినా లంకెబిందెలు ఉన్నాయంటారు చూడు, సైబీరియా రైల్వే పొడవునా అలాగే పుట్టాయి ఈ కథలు. 2010లో రష్యన్ల మీర్ జలాంతర్గామి బైకాల్ అడుగున ఏదో మెరిసే లోహం చూసిందన్న వార్త వచ్చినప్పుడు ప్రపంచమంతా చెవులు రిక్కించింది. పుకారు మీద కథ రాయడం తప్పని నేననను. కానీ పుకారని తెలిసి రాయాలి. నీ పాత్రలు దాన్ని నమ్మవచ్చు, నువ్వు నమ్మకూడదు.

అసలు జరిగినది ఒకసారి వరసగా చెప్తాను. నీ నోట్సులో ముక్కలుముక్కలుగా ఉంది.

మొదటి ప్రపంచ యుద్ధంలో జర్మన్లు ముందుకొస్తుంటే రష్యా తన బంగారాన్ని సరిహద్దుకు దూరంగా, వోల్గా ఒడ్డునున్న కజాన్‌కి తరలించింది. 1918లో ఇంకొంత చేరింది. ఆ ఏడాది ఆగస్టు 7న కప్పెల్ నాయకత్వంలో, బోల్షివిక్కుల్ని ఎదిరించిన సమారా ప్రభుత్వ సైన్యం, చెకొస్లొవాక్ దళాలు కలిసి కజాన్‌ని పట్టుకున్నాయి. బంగారం దొరికింది. అక్కణ్ణించి స్టీమర్లలో సమారా, సమారా నుంచి రైల్లో ఉఫా, ఉఫా నుంచి ఓమ్స్క్. నవంబర్ 18న ఓమ్స్క్‌లో అడ్మిరల్ కోల్చాక్ అధికారం చేపట్టాడు. అంతకు ముందు ధ్రువ సముద్రాల్లో పరిశోధనలు చేసిన మనిషి ఆయన. బంగారం ఆయన చేతికి ఏ ప్రయత్నమూ లేకుండా వచ్చింది. ఏడాది గడిచాక, 1919 నవంబర్‌లో ఓమ్స్క్ వదిలి తూర్పుకి పారిపోవలసి వచ్చింది. శరణార్థుల రైళ్లు, సైనికుల రైళ్లు, మధ్యలో బంగారం రైలు, పట్టాల మీద వరసగా నిలిచిపోయాయి. నిజ్నెఉదిన్స్క్ దగ్గర ఆయన సొంత కాపలా దళం ఆయన్ని విడిచిపోయింది. మిత్రరాజ్యాల జెండాల కింద, చెక్ సైనికుల కాపలాలో ఇర్కుత్స్క్ చేరాడు. 1920 జనవరి 15న ఆ చెక్ సైనికులే ఆయన్ని స్థానిక తిరుగుబాటుదార్లకి అప్పగించారు. ఫిబ్రవరి 7 తెల్లవారుజామున కాల్చి చంపి, ఉషకోవ్క నది మంచులో కొట్టిన రంధ్రంలోకి శవాన్ని తోసేశారు. అదే రోజు కుయ్‌తున్ స్టేషన్‌లో చెక్ దళాలకీ బోల్షివిక్కులకీ ఒప్పందం కుదిరింది. మమ్మల్ని వ్లదివొస్తోక్ దాకా పోనివ్వండి, బంగారం మీకిచ్చేస్తాం అని. ఆ చెక్కుల్లో చాలామంది ఆస్ట్రియా సైన్యంలో ఉండి రష్యాకి పట్టుబడినవాళ్లు. వాళ్లకి కావలసింది ఇల్లు చేరడం. మేలో బంగారం మళ్లీ కజాన్ చేరింది.

ఎక్కడ బయల్దేరిందో అక్కడికే! ఈ చుట్టు తిరగడం గురించి నీ కథలో ఒక్క వాక్యం కూడా లేదు. నన్నడిగితే ఈ మొత్తం చరిత్రలో కథకుడికి దొరికిన నిజమైన నిధి ఇదే.

ఇప్పుడు ఈ అంకె చూడు. కోల్చాక్ ఖజానాకి చెందిన లెక్కల్లో కనిపించే మొత్తం 65 కోట్ల 15 లక్షల 32 వేల 117 రూబుళ్ల 86 కోపెక్కులు (కోపెక్కంటే రూబుల్లో నూరో వంతు). సుమారు 500 టన్నుల బంగారం. తిరిగి వచ్చింది దాదాపు 41 కోట్లు. మిగతా 24 కోట్లు ఎక్కడికి పోయాయన్నదాని మీదే వందేళ్లుగా పుస్తకాలు వస్తున్నాయి. అందులో చాలా భాగానికి జవాబుంది. ఆయుధాల కోసం, యూనిఫాంల కోసం వ్లదివొస్తోక్ మీదుగా విదేశీ బ్యాంకులకి పంపారు. నాలుగు కోట్లకి పైగా బైకాల్‌కి అవతలి చితా ఊళ్లో కొసాక్కుల నాయకుడు ఆతమాన్ సెమ్యోనోవ్ దారికాచి తీసుకున్నాడు. బయటి బ్యాంకుల్లో మిగిలినది దేశం విడిచిపోయిన రష్యన్ల తిండికీ గుడ్డకీ చాలావరకు ఖర్చయింది. ఈ సంగతి నీ ముని మనవడికి తెలిసిన రోజున ఏమవుతాడు? తన ముత్తాత దాచాడనుకున్నది ఎక్కడో శరణార్థుల రొట్టెగా మారిపోయిందని?

కానీ నేను చూడమన్నది ఆ 86 కోపెక్కుల్ని. దేశం రెండుగా చీలిపోయింది. అన్నదమ్ములు చెరో సైన్యంలో ఉన్నారు. ఊళ్లు తగలబడుతున్నాయి. అయినా ఎవరో ఒక మనిషి కూర్చుని, బంగారాన్ని కోపెక్కుతో సహా లెక్కగట్టి రాశాడు. కజాన్ నుంచి ఆ బంగారం వెంట స్టేట్ బ్యాంక్ ఉద్యోగులు కూడా బయల్దేరారు. వాళ్లలో ఒకడు చివరిదాకా వెళ్లాడనుకో. వాడి పైవాళ్లు ఎన్నిసార్లు మారారు! సోవియట్లు, సమారా వాళ్లు, ఉఫా వాళ్లు, కోల్చాక్, ఇర్కుత్స్క్ తిరుగుబాటుదార్లు, మళ్లీ సోవియట్లు. రిజిస్టర్ మాత్రం అదే. ఎవడు వచ్చినా మొదట అడిగేది, ‘ఎంత ఉంది?’ అని. వాడు నిజం చెప్పాలా? ఎవరికి చెప్పాలి? చలికి వేళ్లు మొద్దుబారితే ఎలా రాశాడు? సైనికుడి పరుగు కంటే నాకు ఈ గుమాస్తా కూర్చోవడం ఎక్కువ టెన్షన్ పెడుతోంది.

రష్యన్ రచయితలు ఈ మనిషిని బాగా ఎరుగుదురు. పుష్కిన్ ‘కెప్టెన్ కూతురు’లో పుగచోవ్ తిరుగుబాటు జరుగుతుంటుంది. కోట పడిపోయింది, ఉరికంబాలు నిలబడ్డాయి. అప్పుడు ముసలి నౌకరు సవేలిచ్ ఒక కాగితం పట్టుకుని పుగచోవ్ ముందుకొస్తాడు. మా అయ్యగారి సామాను మీవాళ్లు దోచుకున్నారు, ఇదిగో జాబితా అని. టీ సామాను పెట్టె రెండున్నర రూబుళ్లు, దారిలో తమరికే ఇచ్చిన కుందేలు తోలు కోటు పదిహేను రూబుళ్లు. చదవడం రాని పుగచోవ్ దాన్ని తన కార్యదర్శి చేత చదివించుకుంటాడు. ఊరంతా చస్తుంటే ఒక ముసలివాడు పద్దు విప్పాడు. అతని ప్రేమ అంతా ఆ పద్దులోనే ఉంది. పుష్కిన్ దీన్ని ఊరికే ఊహించి రాయలేదు. 1833లో కజాన్, ఒరెన్‌బర్గ్ దాకా వెళ్లి, తిరుగుబాటును చూసిన ముసలివాళ్లని అడిగి తెలుసుకున్నాడు. నువ్వు కజాన్ వెళ్లలేకపోవచ్చు. కానీ అడగడం ఎక్కడైనా నేర్చుకోవచ్చు.

బుల్గకోవ్ ‘శ్వేత సేన’లో వసిలీసా కూడా అలాంటివాడే. 1918 చివర, కీవ్. రాత్రి కిటికీకి దుప్పటి కట్టి, గోడలో చేసిన రహస్యపు అరలో డబ్బు దాచుకుంటాడు. దాచేముందు నోట్లు లెక్కపెట్టి, దొంగనోట్లు విడిగా తీసి, వాటిని బండివాడికీ బజార్లోనూ అంటగట్టాలనుకుంటాడు. బయట చెట్టు మీదినుంచి ఎవరో చూస్తున్నాడని మనకి తెలుసు, అతనికి తెలియదు. తర్వాత ముగ్గురొచ్చి అన్నీ దోచుకుపోతారు. అతని బట్టలూ బూట్లూ అక్కడే తొడుక్కుని మరీ పోతారు. వసిలీసా మంచివాడేమీ కాదు. అయినా ఆ రాత్రి పై అంతస్తు వాళ్ల తలుపు కొడుతున్నప్పుడు మన గుండె నొప్పిపెడుతుంది. ఎక్కడ దాచాడన్నది ఆ నవలలో పెద్ద రహస్యమే కాదు, బుల్గకోవ్ మొదట్లోనే చూపించేస్తాడు. నువ్వు మాత్రం ఇరవై పేజీలు ఆ చోటుని దాచడానికే ఖర్చుపెట్టావు.

ఇల్ఫ్, పెత్రోవ్‌ల ‘పన్నెండు కుర్చీలు’ నీకు తెలిసే ఉంటుంది, దాని గురించి పొడిగించను. కుర్చీలో దాచిన వజ్రాలతో చివరికి రైల్వే కార్మికుల క్లబ్బు కట్టారు, వెతికినవాళ్లలో మిగిలిన ఒక్కడు అందులోనే నిలబడి ఆ మాట విన్నాడు. అంతటి ముగింపు మనసులో ఉంచుకుని నీ చివరి పేజీ మళ్లీ చూడు. ముని మనవడికి మంచు కింద నాణెం దొరికినట్టు రాశావు. ఆ నాణెం తీసెయ్.

ఒక్క మాట పక్షాల గురించి. నీ కథలో ఎర్రవాళ్లంతా క్రూరులు, తెల్లవాళ్లంతా నిస్సహాయులు. కోల్చాక్ పాలనలో పల్లెల్ని తగలబెట్టారు. అందుకే సైబీరియా రైతులు అడవుల్లో చేరి ఆయన మీద తిరగబడ్డారు. ఎర్రసేన కూడా విచారణ లేకుండా కాల్చింది. రెండూ రాయి. నీ గుమాస్తాకి రెండువైపులా బంధువులుండనీ.

చేయవలసింది చెప్తాను. బైకాల్ పక్కన పెట్టు. 1920 మే, కజాన్. రైలు ఆగింది, తలుపులు తీశారు, పెట్టెలు దించుతున్నారు. రెండేళ్ల కిందట ఇదే ఊరి నుంచి వాటితో వెళ్లినవాడు రిజిస్టర్ తెరిచి నిలబడ్డాడు. ఎదురుగా కొత్త ప్రభుత్వం మనిషి, చేతిలో పెన్ను. ఆ 13 పెట్టెల పద్దు దగ్గర వాడేం రాశాడో, ఆ రెండు మూడు వరసలే రాసి నాకు పంపు. కథంతా అక్కర్లేదు ఇప్పుడే.